పైపు మీద పొర: విశాఖలో తరచుగా అడిగే ప్రశ్నలు

మా అపార్ట్‌మెంట్ మూడో అంతస్తు మాస్టారు ఒకరోజు పాత న్యూస్ పేపర్లో చుట్టిన పైపు ముక్క తెచ్చి నా బల్ల మీద పెట్టారు. బిల్డింగ్ కట్టినప్పుడు వేసిన అర అంగుళం జీఐ పైపు, అంటే జింకు పూత వేసిన ఇనుప పైపు అది, ప్లంబర్ కోసి తీశాడట. పైనంతా బూడిద రంగు, అక్కడక్కడా తెల్లటి పిండి. మర కోసిన చోట మాత్రం ఎర్రటి పెచ్చులు. వెలుతురుకి ఎత్తి లోపలికి చూస్తే గుట్టలు గుట్టలుగా గోధుమ రంగు బొబ్బలు, వాటి మధ్య పెన్సిల్ దూరనంత సందు. "పైకి నిక్షేపంలా ఉంది, లోపల చూస్తే గుండె రక్తనాళంలా పూడుకుపోయింది. ఏంటండీ ఈ మాయ?" అన్నారాయన.

నేను కొన్నాళ్ళు ఓడల మీద, ఆ తర్వాత చాలాకాలం ఫ్యాక్టరీల మెయింటెనెన్స్‌లో పైపులతోనే బతికినవాణ్ణి. రిటైరయ్యాక కాలనీలో అందరూ ఇవే ప్రశ్నలు అడుగుతున్నారు. చెప్పిందే చెప్పే ఓపిక తగ్గి, ఇక్కడ రాసి పెడుతున్నాను.

తుప్పు, కిలుము, పొర: అన్నీ ఒకటేనా?

కావు. తిరకాసంతా ఇక్కడే ఉంది. ఖనిజంలోంచి ఆక్సిజన్‌ని బలవంతాన విడగొడితే మనకి లోహం వస్తుంది. సందు దొరికితే చాలు, అది మళ్ళీ ఆక్సిజన్‌తో కలిసిపోవాలని చూస్తుంది. బంగారం లాంటివి ఒకటి రెండు తప్ప ఏ లోహమైనా అంతే. అలా కలిసినప్పుడు పైన ఒక పొర కడుతుంది. ఆ పొర లోహాన్ని గట్టిగా అంటుకుని, చిల్లుల్లేకుండా ఉంటే కింద ఉన్న లోహానికి గాలీ నీళ్ళూ అందవు. పని అక్కడితో ఆగిపోతుంది. అల్యూమినియం, స్టెయిన్‌లెస్ స్టీలు, రాగి, జింకు ఈ జాతి.

ఇనుముది వేరే దారి. దాని తుప్పు గుల్లగా, స్పాంజిలా ఉంటుంది. నీళ్ళని ఆపకపోగా పట్టి ఉంచుతుంది. పైగా తినేసిన ఇనుము కంటే రెండు మూడింతలు, ఒక్కోసారి ఇంకా ఎక్కువ చోటు ఆక్రమిస్తుంది. స్లాబులో ఊచ తుప్పు పడితే కాంక్రీటు పగిలేదీ, మాస్టారి పైపు లోపల పూడుకుపోయిందీ ఇందుకే. ఆ పైపులో తగ్గిన ఇనుము కొంచెమే, పెరిగిన తుప్పు చాలా.

అలాగని ఇనుముకి మంచి పొర కట్టడం బొత్తిగా చేతకాదని కాదు. 1836లో షోన్‌బైన్ అనే రసాయన శాస్త్రవేత్త ఇంగ్లండు శాస్త్రవేత్త ఫారడేకి ఒక వింత గురించి రాశాడు. పల్చని నైట్రిక్ యాసిడ్‌లో ఇనుము బుసబుసా కరిగిపోతుంది. కానీ బాగా గాఢమైన యాసిడ్‌లో వేస్తే ఉలుకూ పలుకూ ఉండదు. అలా ముంచి తీసిన ముక్కని పల్చని యాసిడ్‌లో పెట్టినా కాసేపు కరగదు. దాన్ని గీకితే మాత్రం వెంటనే బుస మొదలు. కంటికి కనపడని పొర ఏదో ఇనుముని కాస్తోందని ఫారడే అప్పుడే ఊహించాడు. ఇప్పుడు మనం వాడే స్టెయిన్‌లెస్ స్టీలు, బాయిలర్ ట్యూబులు, కాంక్రీటులో ఊచ, అన్నీ ఆ మాట మీదే నిలబడి ఉన్నాయి. గీకితే పోతుందన్న సంగతి కూడా అప్పటి నుంచీ తెలిసిందే. ఇళ్ళల్లో మాత్రం ఇంకా తెలియలేదు.

హైదరాబాద్‌లో మా బావగారింట్లో పాతికేళ్ళైనా చెక్కుచెదరని గ్రిల్లు ఇక్కడ నాలుగేళ్ళకే ఎందుకు పోయింది?

ఉప్పు. అయితే సముద్రం పక్కనుంటే తుప్పు పడుతుందని అందరూ అనే మాటలో ఒక ముక్క మిగిలిపోతుంది. మనం కూరలో వేసే ఉప్పు, గాలిలో తేమ 75 శాతం దాటితే గానీ నీరు కారదు. సముద్రపు ఉప్పులో దానితోపాటు మెగ్నీషియం క్లోరైడ్ కూడా ఉంటుంది. దానికి 33 శాతం తేమ చాలు, గాలిలోంచి నీళ్ళు లాగేసుకుంటుంది. మన ఊళ్ళో తేమ అంతకు దిగే రోజులు ఏడాదిలో ఎన్నుంటాయి? అంటే బీచ్ రోడ్డులో గ్రిల్లు మీద పడ్డ ఉప్పు ఇంచుమించు ఎప్పుడూ తడిగానే ఉంటుంది. వాన పడకపోయినా, మంచు కురవకపోయినా పైపు తడిసి ఉన్నట్టే లెక్క. పైగా అందులోని క్లోరైడ్ మంచి పొరల్ని కూడా చిన్న చిన్న చోట్ల చీల్చుకుని లోపలికి పోతుంది.

సముద్రం నుంచి మొదటి కొన్ని వందల మీటర్లలోనే ఈ దెబ్బ ఎక్కువ. లాసన్స్ బే కాలనీలో సముద్రం వైపు బాల్కనీకీ, పెందుర్తిలో ఇంటికీ పోలికే లేదు. హుద్‌హుద్ లాంటి తుపాను వస్తే మాత్రం ఈ లెక్కలన్నీ తారుమారు. 2014 అక్టోబర్ 12 తర్వాత మా కిటికీ ఊచల మీద వేలు రాస్తే జిగటగా ఉప్పు అంటుకునేది.

ఇంకో సంగతి చెబితే చాలామంది నమ్మరు. వాన బాగా తగిలే పైపు కంటే సన్‌షేడ్ కింద దాక్కున్న పైపే ముందు పోతుంది. వాన ఉప్పుని కడిగేస్తుంది. సన్‌షేడ్ కింద కడిగే దిక్కు ఉండదు, ఏళ్ళ తరబడి పేరుకుంటూనే ఉంటుంది. మీ ఇంట్లో ఏసీ బయటి యూనిట్ స్టాండు అడుగుభాగం ఒకసారి వంగి చూడండి.

కొత్త జీఐ పైపులు కట్టలు విప్పితే తెల్ల పిండి కనపడింది. షాపువాడు పాత సరుకు అంటగట్టాడా?

పాతది కానక్కర్లేదు, తడిసింది. జీఐ అంటే ఇనుప పైపుని సుమారు 450 డిగ్రీల దగ్గర కరిగిన జింకులో ముంచి తీసినది. ఫ్రాన్స్‌లో సోరెల్ అనే ఆయన 1837లో దీనికి పేటెంట్ తీసుకున్నాడు. కొత్త జింకు వెండిలా మెరుస్తుంది. గాలి ఆడేచోట ఉంచితే కొన్ని వారాల నుంచి నెలల్లో మెరుపు పోయి బూడిద రంగుకి తిరుగుతుంది. చాలామంది అది చూసి "పూత పోయింది" అని కంగారు పడతారు. నిజానికి అప్పుడే పూత పనిలోకి దిగినట్టు. జింకు ముందు గాలితో, తేమతో కలిసి, ఆ తర్వాత గాలిలోని కార్బన్ డయాక్సైడ్‌ని పట్టుకుని జింకు కార్బొనేట్ పొరగా గట్టిపడుతుంది. అది నీళ్ళలో తేలిగ్గా కరగదు.

అదే పైపుల్ని కట్టగా కట్టి, పైన ప్లాస్టిక్ పట్టా కప్పి, వానాకాలంలో సైటు మీద పడేస్తే పైపుకీ పైపుకీ మధ్య నీళ్ళు చేరతాయి, గాలి ఆడదు. కార్బన్ డయాక్సైడ్ అందక గట్టి పొర కట్టదు, జింకు తెల్ల పిండిగా ఉబ్బిపోతుంది. పల్చగా ఉంటే పొడిబట్టతో, నైలాన్ బ్రష్‌తో దులిపి గాలికి పెట్టండి, సర్దుకుంటుంది. పిండి కింద నల్ల మచ్చలో ఎర్ర మచ్చలో ఉంటే ఆ కట్ట తిప్పి పంపేయండి. ప్లాస్టిక్ పట్టా పూర్తిగా కప్పడం కంటే, పైపుల్ని ఒక చివర ఎత్తుగా పెట్టి నీళ్ళు జారేలా వదలడమే మేలు.

జీఐ పైపు ఎన్నేళ్ళు వస్తుంది?

లోపలి కథ వేరు, బయటి కథ వేరు. ముందు బయటిది. తుప్పు తీవ్రతకి అంతర్జాతీయంగా ఒక వర్గీకరణ ఉంది. మధ్యరకం వాతావరణంలో జింకు ఏడాదికి ఒకటి రెండు మైక్రాన్లు (మైక్రాను అంటే మిల్లీమీటరులో వెయ్యో వంతు) తగ్గితే, ఉప్పుగాలి గట్టిగా కొట్టే తీరంలో నాలుగు నుంచి ఎనిమిది మైక్రాన్ల దాకా పోతుంది. పైపు మీద 50 మైక్రాన్ల జింకు ఉందనుకుంటే, బీచ్ ఎదురుగా అది ఆరు నుంచి పన్నెండేళ్ళ మాట. ఊరి లోపల పాతికేళ్ళు, అంతకు మించి కూడా. మిల్లులో కొట్టిన రంగు పట్టీ చూసి కొంటారు కదా: పసుపు పల్చది, నీలం మధ్యరకం, ఎరుపు మందం. ఆ పట్టీ చెప్పేది ఇనుము మందం గురించి. జింకు మందం గురించి కాదు.

బలహీనమైన చోటు మర. డై పెట్టి మర కోయగానే అక్కడ జింకు పోయి పచ్చి ఇనుము బయటపడుతుంది. చిన్న గీత పడితే పక్కనున్న జింకు తాను కరిగి ఇనుముని కాపాడుతుంది, అది దాని గొప్పతనం. కానీ మర అంత మేర తెరుచుకుంటే ఆ సాయం చాలదు. మాస్టారి ముక్క మీద ఎర్ర పెచ్చులు మర దగ్గరే ఎందుకున్నాయో ఇప్పుడు అర్థమైంది కదా. జాయింటు బిగించాక బయట మిగిలిన మర మీద జింకు ఎక్కువున్న ప్రైమర్ రాయమని ప్లంబర్‌తో చెప్పండి. "ఎవరూ రాయరు సార్" అంటాడు. రాయించండి.

గీజర్ నుంచి వచ్చే వేడినీళ్ళ లైనుకి జీఐ వాడొద్దు. నీళ్ళ వేడి 60 డిగ్రీలు దాటితే కొన్ని రకాల నీళ్ళలో జింకు ఇనుముని కాపాడటం మానేసి, ఇనుమునే తినేలా చేస్తుంది.

పొద్దున్నే కుళాయి తిప్పితే ఎర్రనీళ్ళు. కాసేపటికి తేటపడతాయి. ఏంటిది?

రాత్రంతా కదలకుండా ఉన్న నీళ్ళలో పైపు లోపలి తుప్పు కొంచెం కరిగి, కొంచెం ఊడి వస్తుంది. ఆ మొదటి నీళ్ళు మొక్కలకి పోయండి, బకెట్టు పోయాక వాడుకోండి. అది రోజూ పెరుగుతూ వస్తుంటే, లేదా పగలు కూడా ఎరుపే ఉంటే జబ్బు ముదిరినట్టు.

ఇక్కడ లోపలి పొర గురించి చెప్పాలి. నీళ్ళలో సున్నం తగుమాత్రంగా ఉంటే పైపు లోపల పల్చగా సున్నపు పొర కట్టి ఇనుముని కాస్తుంది. మరీ ఎక్కువైతే పైపు మూసుకుపోతుంది, మరీ తక్కువైతే నీళ్ళే ఉన్న పొరని కరిగించుకుపోతాయి. నీళ్ళు సున్నం వదిలే రకమో, కరిగించే రకమో లెక్క కట్టే పద్ధతిని లాంజెలియర్ అనే ప్రొఫెసర్ 1936లో ఇచ్చాడు, ఇప్పటికీ నీటి ప్లాంట్లలో అదే వాడతారు. అందుకే ఏళ్ళ తరబడి ఒకే నీళ్ళకి అలవాటు పడ్డ పైపులోకి ఉన్నట్టుండి వేరే నీళ్ళు వదిలితే పాత పొర కలత పడుతుంది. మన అపార్ట్‌మెంట్లలో కార్పొరేషన్ నీళ్ళు రాని వారం బోరు నీళ్ళు, బోరు ఎండితే ట్యాంకరు నీళ్ళు. ఆ వారాల్లోనే ఎర్రనీళ్ళ ఫిర్యాదులు ఎక్కువ రావడం నేను చూస్తూనే ఉన్నాను. బీచ్ దగ్గర బోర్లలో ఉప్పు కూడా కలుస్తుంది.

దీనికి ప్రపంచమంతా గుర్తుపెట్టుకున్న ఉదాహరణ అమెరికాలోని ఫ్లింట్. 2014 ఏప్రిల్‌లో ఆ ఊరికి ఖర్చు తగ్గుతుందని సరస్సు నీళ్ళు మాని నది నీళ్ళు ఇచ్చారు. తుప్పుని ఆపే ఫాస్ఫేట్ కలపలేదు. పాత సీసం పైపుల లోపల ఏళ్ళుగా కట్టిన పొర కరిగిపోయి సీసం తాగునీళ్ళలోకి వచ్చింది. పైపులు అవే, ఊరు అదే, మారింది నీళ్ళు మాత్రమే.

యాసిడ్ పోసి లోపలి తుప్పు కడిగించొచ్చా?

ఇంటి పైపుకి వద్దు. తుప్పుతోపాటు మిగిలిన జింకూ పోతుంది. కొన్నిచోట్ల ఆ తుప్పే చిల్లుకి బిరడాలా ఉండి పైపుని నిలబెడుతుంటుంది. కడిగిన మర్నాడు గోడ తడుస్తుంది.

స్టెయిన్‌లెస్ అని చెప్పి అమ్మిన రైలింగ్ మీద టీ మరకల్లాంటివి వచ్చాయి. మోసమా?

ఒక్కోసారి మోసం, ఎక్కువసార్లు తెలియనితనం. అన్నిటికంటే ఎక్కువ మంది అడిగేది ఈ ప్రశ్నే కాబట్టి కాస్త తీరిగ్గా చెబుతాను.

స్టెయిన్‌లెస్ స్టీల్లో కనీసం పదిన్నర శాతం క్రోమియం ఉండాలి. ఆ క్రోమియం గాలి తగలగానే ఆక్సిజన్‌తో కలిసి ఒకటి నుంచి మూడు నానోమీటర్ల పొర కడుతుంది. తల వెంట్రుక మందంలో అది పాతికవేలో వంతు కూడా ఉండదు. అంత పల్చని చొక్కా తొడుక్కుని నిలబడుతుందన్నమాట. గీత పడితే తనంతట తానే మళ్ళీ కుట్టుకుంటుంది, ఆక్సిజన్ అందితే చాలు. 1913లో షెఫీల్డ్‌లో హ్యారీ బ్రేర్లీ తుపాకీ గొట్టాల కోసం ఉక్కుని పరీక్షిస్తూ, తుప్పు పట్టని క్రోమియం ఉక్కుని గుర్తించాడు. గొట్టాల సంగతేమో గానీ, మొదట బాగుపడింది ఆ ఊరి కత్తుల వ్యాపారం.

బజారులో మూడు రకాలు దొరుకుతాయి. 304లో సుమారు 18 శాతం క్రోమియం, 8 శాతం నికెల్. 316లో వీటితోపాటు రెండు మూడు శాతం మాలిబ్డినం, ఉప్పుని తట్టుకునే బలం దానివల్లే వస్తుంది. 202లో ఖరీదైన నికెల్ తగ్గించి మాంగనీసు వేస్తారు, చవక. మూడూ చూడటానికి ఒక్కలాగే మెరుస్తాయి. "అయస్కాంతం అంటుకోవట్లేదు చూడండి మేడం, ఒరిజినల్" అని షాపులో చూపిస్తారు. 202కి కూడా అయస్కాంతం అంటుకోదు, ఆ పరీక్ష ఇక్కడ దేనికీ పనికిరాదు. మాలిబ్డినం ఉందో లేదో చెప్పే టెస్టింగ్ చుక్కల సీసా దొరుకుతుంది. పెద్ద ఆర్డరైతే ఒక ముక్క పరీక్ష చేయించి, బిల్లు మీద గ్రేడు రాయించుకోండి.

సముద్రం కనిపించే బాల్కనీకి 316 పెట్టించండి. 304 కూడా టీ రంగు మరకలు వేస్తుంది, కానీ అవి పైపైనే ఉంటాయి, బలం తగ్గదు. 202 అయితే మరకతో ఆగదు, చిన్న చిన్న గుంటలు పడతాయి. గుంట లోపల ఆక్సిజన్ అందక పొర మళ్ళీ కట్టుకోదు, క్లోరైడ్ పోగవుతుంది, గుంట లోతవుతుంది. బయటికి గుండుసూది మొనంత కనపడేది లోపల గది అంత ఉంటుంది.

ఇప్పుడు అసలు తప్పు. మరక చూడగానే ఇనుప పీచు పెట్టి రుద్దుతారు. ఆ పీచు తునకలు స్టీలులో ఇరుక్కుని అవే తుప్పు పడతాయి, రెండు వారాల్లో మరకలు రెట్టింపు. మా వదినగారు ఇలాగే మూడు నెలలు రుద్ది, రైలింగ్ మార్పించాలని కొటేషన్ కూడా తెప్పించుకున్నారు. మెత్తని గుడ్డ, సబ్బు నీళ్ళు, ఆ తర్వాత మంచినీళ్ళతో కడగడం, వారానికోసారి. అంతే ఆవిడ రైలింగ్‌కి చేసిన వైద్యం. నిలువు గీతలున్న ఫినిష్ అయితే గీతల వెంట తుడవండి, అడ్డంగా కాదు. అద్దంలా పాలిష్ చేసినది గరుకు దానికంటే ఎక్కువ కాలం శుభ్రంగా ఉంటుంది, ఉప్పు నిలవడానికి పట్టు దొరకదు.

వెల్డింగ్ చేసిన చోట నీలం, గోధుమ చారలు ఉన్నాయి. అలాగే వదిలేయొచ్చా?

వదలకండి. ఆ వేడికి పైన మందపాటి ఆక్సైడ్ కట్టి, దాని కింద స్టీలులో క్రోమియం తగ్గిపోతుంది. మొదటి తుప్పు అక్కడే. వెల్డర్లు వాడే పిక్లింగ్ పేస్టు రాసి కడిగించాలి. అది గట్టి యాసిడ్, చేతికి గ్లవ్స్ లేకుండా ముట్టుకోనివ్వకండి.

ఏసీ రాగి ట్యూబు పచ్చబడింది, గ్యాసు పోయింది. పచ్చదనమే కారణమా?

పచ్చదనం మీద నింద వేయకండి. రాగి ముందు గోధుమ రంగు, తర్వాత ముదురు చాక్లెట్ రంగు, ఏళ్ళు గడిస్తే పచ్చగా మారుతుంది. ఊళ్ళో అయితే ఆ పచ్చదనం ఎక్కువగా రాగి సల్ఫేటు జాతిది, సముద్రం ఒడ్డున క్లోరైడ్ జాతిది. న్యూయార్క్‌లో 1886లో నిలబెట్టిన స్వేచ్ఛాదేవి విగ్రహం రాగి రేకు మందం సుమారు 2.4 మిల్లీమీటర్లే. మొదట రాగి రంగులో ఉండి, కొన్ని దశాబ్దాల్లో పచ్చబడింది. అదీ సముద్రం మధ్యనే ఉంది. వందేళ్ళలో తరిగింది ఆ మందంలో చాలా చిన్న భాగం. పచ్చని పొరే దాన్ని కాసింది.

మన అమ్మమ్మలు రాగి చెంబుని చింతపండుతో తోమినప్పుడల్లా ఆ పొరనే తీసేసేవాళ్ళు. అది వాడుకునే చెంబు, లోపల కిలుము ఉంటే నీళ్ళలో కలుస్తుంది కాబట్టి తోమాల్సిందే. పైపు బయటి వైపుకి ఆ మర్యాద అక్కర్లేదు. ఇత్తడి గిన్నెలకి నవాసాగరం చల్లి తగరంతో కళాయి పోయించుకునేవారు కదా, అది కూడా పొర సంగతే: పులుసు ఇత్తడికి తగలకుండా మధ్యలో తగరం.

మరి గ్యాసు ఎక్కడ పోయింది? ఇన్‌డోర్ యూనిట్ కాయిల్లో తరచుగా కనిపించే జబ్బు వేరు. పైకి నల్లటి చుక్కలాంటిది తప్ప ఏమీ ఉండదు. ట్యూబుని కోసి సూక్ష్మదర్శిని కింద చూస్తే గోడలో చీమల పుట్టలా అటూ ఇటూ తిరిగే సన్నని సొరంగాలు. దాన్ని చీమలపుట్ట తుప్పు అనే పిలుస్తారు. ఫార్మిక్, ఎసిటిక్ లాంటి ఆమ్లాల ఆవిరి, తేమ, గాలి కలిస్తే వస్తుంది. కొత్త ప్లైవుడ్ జిగురు, కొన్ని క్లీనర్లు, వెనిగర్ ఆవిరి ఇందుకు సాయం చేస్తాయి. ఇంటీరియర్ పని కొత్తగా చేయించిన గదిలో కిటికీలు మూసి ఏసీ వేసుకునేవాళ్ళకి ఈ మాట చెబుతాను: మొదటి కొన్ని నెలలు గదికి బాగా గాలి ఆడనివ్వండి.

ఇత్తడి కుళాయి ఒకచోట ఎర్రగా మారి, వేలితో నొక్కితే పొడిలా రాలింది?

ఇత్తడి అంటే రాగి, జింకు. కొన్ని నీళ్ళలో జింకు ఒక్కటే కరిగిపోయి, రాగి స్పాంజిలా మిగులుతుంది. ఆకారం చెక్కుచెదరదు, బలం ఉండదు. అది పొర కాదు, ఎముకల గూడు. మార్చేయండి.

ఇత్తడికి ఇంకో శత్రువు అమ్మోనియా. బ్రిటిష్ కాలంలో మన దేశంలోనే గుర్రపు శాలల పక్కన నిల్వ చేసిన ఇత్తడి తూటా గొట్టాలు వానాకాలంలో వాటంతటవే పగిలేవి. గుర్రాల మూత్రం నుంచి వచ్చే అమ్మోనియా పని అది. బాత్రూమ్ ఫిటింగ్స్‌కి అమ్మోనియా క్లీనర్లు వాడేవాళ్ళు ఈ కథ గుర్తుంచుకోండి.

ఓడల్లో సముద్రపు నీళ్ళే పైపుల్లో తిరుగుతాయి కదా, అవి ఎలా బతుకుతాయి?

నాకు ఇష్టమైన ప్రశ్న ఇది. 1948లో జల ఉష అనే ఓడని కట్టి నీళ్ళలోకి దింపిన ఊళ్ళో ఈ సంగతి కొందరికైనా తెలియాలి.

ఓడ ఇంజను చల్లబరచడానికి సముద్రపు నీళ్ళు తిప్పే పైపులు చాలావాటికి 90 పాళ్ళు రాగి, 10 పాళ్ళు నికెల్, కొంచెం ఇనుము కలిసిన లోహం వాడతారు. ఈ పైపు గొప్పదనం లోపల కట్టే పొరలో ఉంది. కానీ అది కొన్ననాడు ఉండదు. శుభ్రమైన సముద్రపు నీళ్ళు తగిలితే కొద్దిరోజుల్లో మొదలై, పక్వానికి రావడానికి రెండు మూడు నెలలు పడుతుంది. చంటిబిడ్డకి మొదటి నెలల్లో ఎంత జాగ్రత్తో దీనికీ అంతే. నీళ్ళ వేగం మరీ ఎక్కువైతే లేతపొర చిరిగిపోతుంది. పెద్ద పైపులకే సెకనుకి మూడున్నర మీటర్లు దాటకూడదంటారు. నీళ్ళు కదలకుండా రోజుల తరబడి నిలిచినా ముప్పే.

అన్నిటికంటే చెడ్డది మురికి హార్బర్ నీళ్ళు. బురదలో ఆక్సిజన్ లేనిచోట పెరిగే బ్యాక్టీరియా సల్ఫైడ్ వదులుతుంది. మొదటిసారే ఆ నీళ్ళు పోస్తే మంచి పొరకి బదులు నల్లటి, వదులైన పొర కడుతుంది. నేను పనిచేసిన ఒకచోట మరమ్మతు అయిన ఓడకి కొత్త పైపులు వేసి, గట్టుకి కట్టేసే ఉంచి, ఆ మురికి నీళ్ళతోనే టెస్ట్ చేసి, అవే నీళ్ళు లోపల వదిలేసి వారాల తరబడి ఊరుకున్నారు. ఏడాది తిరక్కుండా మలుపుల దగ్గర చిల్లులు. కొత్త పైపు! విప్పి చూస్తే లోపల మసి లాంటి నలుపు, గోరుతో గీకితే వచ్చేస్తోంది. దాని పక్కనే పాత లైను ముక్క ఒకటి విప్పాం. పద్నాలుగేళ్ళది. లోపల పల్చటి చాక్లెట్ రంగు పొర, గోరుతో గీకినా ఊడి రాలేదు. రెండిటినీ పక్కపక్కన పెట్టి కుర్రాళ్ళకి చూపించాను. మొదటిసారి మంచినీళ్ళతోనో, శుభ్రమైన సముద్రపు నీళ్ళతోనో టెస్ట్ చేసి, పని అయ్యాక ఖాళీ చేసి ఆరబెట్టి ఉంటే సరిపోయేది. కొన్నిచోట్ల మొదటి రోజుల్లో ఫెర్రస్ సల్ఫేటు కలిపి పొర కట్టడానికి సాయం చేస్తారు కూడా.

బీచ్ రోడ్డులో కుర్సురా జలాంతర్గామి చూసి వచ్చిన పిల్లలు "నీళ్ళలో తిరిగినప్పుడు పాడవలేదు, ఒడ్డున ఎందుకు తుప్పు?" అని అడుగుతారు. తుప్పుకి నీళ్ళు, ఆక్సిజన్ రెండూ కావాలి, ఉప్పు తోడైతే వేగం పెరుగుతుంది. ఒడ్డున మూడూ ధారాళం. అక్కడ ఉక్కుకి రంగు తప్ప వేరే కవచం లేదు.

బాయిలర్ ట్యూబుల లోపల నల్లగా ఉంటుందట. అదీ తుప్పేనా?

పరవాడ కరెంటు ప్లాంటులో, స్టీలు ప్లాంటులో పనిచేసేవాళ్ళ పిల్లలు అడుగుతుంటారు. అది ఇనుము కట్టగలిగిన అత్యుత్తమ పొర. ఆక్సిజన్ తీసేసిన, కొంచెం క్షార గుణమున్న నీళ్ళు 200 డిగ్రీలు దాటి వేడెక్కితే ఇనుము నీళ్ళతోనే కలిసి మాగ్నటైట్ అనే నల్లటి ఆక్సైడ్ కడుతుంది, హైడ్రోజన్ వదులుతుంది. గట్టిగా అంటుకుంటుంది, మందం పెరిగేకొద్దీ పెరుగుదల తనంతట తానే నెమ్మదిస్తుంది. కొత్త బాయిలర్‌ని మొదట క్షారపు నీళ్ళతో కాచి, లోపలి నూనె, మురికి పోగొట్టేది ఈ పొరకి చోటివ్వడానికే. షట్‌డౌన్‌లో డ్రమ్ము మూత తీసి టార్చి వేసినప్పుడు లోపల ముదురు బూడిద, నలుపు కనపడితే కెమిస్టు ముఖం వికసిస్తుంది. ఎరుపు కనపడితే ఎక్కడో ఆక్సిజన్ దూరింది.

అయితే ఈ పొర కూడా మరీ మందమైతే కష్టమే. వేడిని సరిగ్గా పోనివ్వదు కాబట్టి ట్యూబు లోహం అతిగా వేడెక్కుతుంది. ఆవిరిని ఇంకా వేడెక్కించే సూపర్‌హీటర్లలో మందమైన పొలుసులు ఊడి వంపుల్లో పేరుకుని ఆవిరికి అడ్డుపడతాయి కూడా.

ఢిల్లీ ఇనుప స్తంభం 1600 ఏళ్ళుగా తుప్పు పట్టలేదు కదా, ఆ ఇనుముతో పైపులు చేయొచ్చుగా?

ఆ ఇనుములో ఫాస్ఫరస్ ఎక్కువ, దానివల్ల ఫాస్ఫేటు కలిసిన గట్టి పొర కట్టింది. ఢిల్లీ పొడిగాలి కూడా సాయం చేసింది. ఫాస్ఫరస్ ఎక్కువైన ఉక్కు పెళుసుగా ఉంటుంది, వెల్డింగ్‌కీ మంచిది కాదు. ఆ స్తంభాన్ని ఆర్కే బీచ్‌లో నిలబెడితే ఏమయ్యేదో నేను పందెం కాయను.

జీఐ పైపుకి ఎనామిల్ పెయింట్ వేస్తే రేకులు రేకులుగా ఊడిపోతోంది. పెయింటర్ పనితనమా?

చాలాసార్లు పాపం పెయింటర్‌ది కాదు. మామూలు ఎనామిల్లోని నూనె జింకుతో కలిసి సబ్బులాంటిది తయారవుతుంది. సబ్బు మీద రంగు నిలుస్తుందా? జీఐ కోసం చేసిన ఎచ్ ప్రైమర్ ముందు వేయాలి, రెడ్ ఆక్సైడ్ కాదు. ఏ లోహమైనా సరే, మన ఊళ్ళో శాండ్‌పేపర్ పట్టడానికి ముందే మంచినీళ్ళతో కడిగి ఆరబెట్టండి. లేకపోతే ఉప్పుని రంగు కింద భద్రంగా దాచినట్టే, ఆరు నెలల్లో బొబ్బలు లేస్తాయి.

రాగి పైపుని జీఐకి నేరుగా కలపొచ్చా?

కలపకూడదు. తడిలో రెండూ తగిలితే జింకు తొందరగా కరిగిపోతుంది. తప్పనిసరైతే మధ్యలో ప్లాస్టిక్ యూనియన్ పెట్టండి, రాగిని నీళ్ళు పోయే దిశలో జీఐ తర్వాతే ఉంచండి. రాగి ముందుంటే దాని నుంచి కరిగిన కొంచెం రాగి కూడా జింకు మీద పడి గుంటలు తవ్వుతుంది.

గోడలో పూడ్చిన ఇనుప పైపు భద్రమేనా?

మంచి సిమెంటు పీహెచ్ పన్నెండు దాటి ఉంటుంది, అంటే క్షార గుణం బాగా ఎక్కువ. అందులో ఇనుము మీద కంటికి కనపడని మంచి పొర కడుతుంది. నీళ్ళ మెయిన్లలో ఇనుప పైపుల లోపల సిమెంటు పూత వేసేది అందుకే. ఉప్పు ఇసుక కలిసిందో, బాత్రూమ్ గోడ ఎప్పుడూ తడిగా ఉందో, ఆ రక్షణ పోయినట్టే.

పైపులు ఎప్పుడు మార్చాలి?

బయటి రంగు చూసి నిర్ణయించకండి. ఎర్రనీళ్ళు పగలంతా వస్తున్నా, పై అంతస్తుల్లో ధార ఏటేటా సన్నబడుతున్నా, ఏడాదిలో రెండు మూడు చోట్ల మర దగ్గర చెమ్మ కనపడినా ఒక ముక్క కోయించి లోపల చూడండి. కోసేది జాయింటు దగ్గర కాదు, మధ్యలో. మాస్టారి లైనులో మేం మూడు చోట్ల కోశాం. రెండు చోట్ల పెన్సిల్ దూరలేదు, మూడోచోట చిటికెన వేలు సులువుగా పోయింది. ఆ మూడోది ట్యాంకు నుంచి నిలువుగా దిగే లైను, నీళ్ళు ఎప్పుడూ కదులుతూ ఉంటాయి. దాన్ని ఉంచేసి, వంటింటికి వెళ్ళే అడ్డం పైపులు మాత్రం మార్పించారు. ఖర్చు సగానికి తగ్గింది. పాత ముక్కని మాత్రం ఇనుప సామాన్లవాడికి ఇవ్వలేదు, వాళ్ళ మనవడి సైన్స్ ప్రాజెక్టుకి వెళ్ళింది.